గంగమ్మకి అందిన నాలుగు పాటలు

పోర్ట్‌బ్లెయిర్‌లో నన్ను తిట్టినవాళ్ళు చాలామందే ఉన్నారు. ఫీనిక్స్ బే జెట్టీలో టికెట్ కౌంటర్ అద్దం వెనక కూర్చునేవాడికి జీతంతోపాటు అది కూడా వస్తుంది. హిందీలో తిట్టారు, బెంగాలీలో తిట్టారు, తమిళంలో తిట్టారు. మన తెలుగువాళ్ళయితే మా అమ్మని కూడా కలుపుకుని తిట్టారు. కానీ తాళం తప్పకుండా తిట్టింది మాత్రం ఒక్కతే.

అది 2017, జూన్ నెల. వాన పొద్దుటినుంచీ విసుగు లేకుండా కురుస్తోంది. హేవ్‌లాక్ దీవికెళ్ళే బోటు కోసం కట్టిన లైను గేటు దాటి రోడ్డెక్కింది. టిఫిన్ తినకుండా డ్యూటీకి వచ్చాను, ఆకలికి ఆగలేక ఒక అరటిపండు ఒలిచాను. సరిగ్గా అప్పుడే వినపడింది.

"నిలబడ్డా నిలబడ్డా, నీడ కూడా నిలబడ్డాది
లైను కదల్నేదు గాని లైఫు ముందుకెళ్ళిపోనాది
అద్దం ఎనక బాబుగోరు అరటిపండు ఒలుస్తాడు
బోటు ఉందా అంటే సాలు, బుర్ర మాత్రం ఊపుతాడు..."

తలెత్తి చూశాను. నల్ల టీషర్టు, తడిసిన జడ. చేతిలో గొడుగు ఉంది కానీ వేసుకోలేదు, దాని పిడితో రెయిలింగ్ మీద టకటకా కొడుతోంది. కళ్ళు మాత్రం నా అరటిపండు మీదే ఉన్నాయి.

"హలో! ఎవర్నండీ అంటున్నారు?"

"ఎవుల్నీ అన్లేదు భయ్యా."

"అరటిపండు అన్నారు. నేను విన్నాను."

"అరటిపండు నీదొక్కడిదేనా ఏటి? బజారు నిండా ఉన్నాయి."

ఆమె వెనక నిలబడ్డ బెంగాలీ పెద్దాయనకి తెలుగు ముక్క రాదు. అయినా పకపకా నవ్వాడు. ఆ నవ్వుకి నాకు మండింది.

"టికెట్ కావాలా, వద్దా?"

"కావాలి. హేవ్‌లాక్, ఒకటి."

"పేరు?"

"గవరమ్మ."

ఆ పేరుకీ ఆ టీషర్టుకీ నా బుర్రలో పొంతన కుదరలేదు. నవ్వాపుకోవాల్సింది, ఆపుకోలేదు.

"ఏటి? పేరు బాగోనేదా?"

"ఎందుకు బాగోదండీ. మా నాయనమ్మ పేరు గుర్తొచ్చింది."

"మీ నాయనమ్మకి దండం ఎట్టుకుంటావు గదా. నాక్కూడా ఎట్టు, ఎట్టి టికెట్టియ్యి."

లైనంతా నవ్వింది. ఈసారి తెలుగు వచ్చినవాళ్ళు కూడా నవ్వారు. టికెట్ ఇచ్చేశాను. ఆ పిల్ల వెళ్ళాక అరటిపండు తినబుద్ధి కాలేదు.

ఆ తరవాతి ఆదివారం సాయంత్రం నాలుగింటికి బాంబూఫ్లాట్ నుంచి ఫెర్రీ దిగి చాతంలో నడుస్తున్నాను. రంపపు మిల్లు దాటాక పాత షెడ్డు ఒకటి ఉంది. అందులోంచి దడదడమని స్పీకరు మోత. తొంగి చూస్తే ఇరవైమంది కుర్రాళ్ళు చుట్టూ నిలబడి ఉన్నారు. మధ్యలో నల్ల మాస్కు పెట్టుకున్న అమ్మాయి, చేతిలో మైకు.

"ఎంసీ గవ్వ! ఎంసీ గవ్వ!" అని అరుస్తున్నారు.

అప్పుడు ఆ అమ్మాయి ర్యాప్ మొదలుపెట్టింది. తెలుగులో మొదలై హిందీలోకి దూకి, మళ్ళీ మన శ్రీకాకుళం యాసలోకి వచ్చి పడింది. నెత్తిన చేపల బుట్టతో నడిచే తల్లి గురించి చెప్పింది. ఓడలో మూడు రోజులు వాంతులు చేసుకుంటూ వచ్చి ఈ దీవిలో దిగిన తాత గురించి చెప్పింది. "మీ ఊళ్ళో కరెంటుందా?" అని అడిగే టూరిస్టు గురించి చెప్పింది. ఊపిరి ఎక్కడ తీసుకుంటోందో తెలీదు. మాట మీద మాట, మాట మీద మాట. మా తాత కూడా ఆ ఓడలోనే వచ్చాడు. ఆయన గురించి మా ఇంట్లో ఎవరూ అంత బాగా చెప్పలేదు. నా కళ్ళు తడిశాయి. వాన షెడ్డు లోపల పడటం లేదు కాబట్టి ఆ నెపం కూడా లేదు.

అయిపోయాక దగ్గరికి వెళ్ళాను. మాస్కు ఉన్నా కళ్ళు ఎక్కడికి పోతాయి?

"గవరమ్మగారు!"

ఆమె నన్ను చెయ్యి పట్టుకుని షెడ్డు మూలకి లాక్కుపోయింది. "ష్! ఇక్కడ గవరమ్మ లేదు. గవ్వ. మా అమ్మకి తెలిస్తే సేపలతోపాటు నన్నూ తరిగేస్తాది. ఎవులికీ సెప్పకు భయ్యా, ప్లీజ్."

"అయితే ఆ రోజు లైన్లో నన్ను తిట్టలేదన్నమాట. ప్రాక్టీసు చేస్తున్నారు."

"తిట్టినాను. ప్రాక్టీసు కూడా అయిపోనాది."

నేను నవ్వేశాను. ఆవిడా నవ్వింది. మాస్కు మీదుగా కళ్ళు మాత్రమే నవ్వితే మనిషికి ఎంత ప్రమాదమో ఆ రోజే తెలిసింది నాకు.

మెల్లగా సంగతులన్నీ చెప్పింది. పదిహేడో ఏట కాలేజీ బస్సులో మొదలైందట. మూడేళ్ళుగా ఈ షెడ్లలోనూ, సగం కట్టిన ఇళ్ళలోనూ పాడుతోంది. ఏ కంపెనీ లేదు, వెనక ఎవరూ లేరు. పొద్దున జంగ్లీఘాట్ బజార్లో అమ్మతో చేపలమ్మడం, మధ్యాహ్నం పాట కట్టడం. ఆ రోజు హేవ్‌లాక్ వెళ్ళింది కూడా ఒక హోటల్లో పాడ్డానికే. "ఓనరు మాస్కు తియ్యమన్నాడు. సినిమా పాటలు పాడమన్నాడు. అదే బోటుకి తిరిగొచ్చీసినాను" అంది.

"కోపం రాలేదా?"

"ఏల వస్తాది? ఆడి హోటలు ఆడిది. నా పాట నాది. బస్."

ఇంత చిన్న మాటలో అంత ధీమా నేను ఎవరి దగ్గరా చూడలేదు. నా ఇరవయ్యారేళ్ళ జీవితంలో నాది అని నేను గట్టిగా అనుకున్నది అరటిపండు ఒక్కటే.

ఆమెకి తెలుగు మాట్లాడ్డం వచ్చు, రాయడం రాదు. హిందీ మీడియం చదువు. పాటలు హిందీ అక్షరాల్లో రాసుకునేది. నేను చదివింది తెలుగు మీడియం. "నేను రాసిపెడతాను" అన్నాను. అక్కణ్ణుంచి ప్రతి ఆదివారం చాతం షెడ్డులో ఆమె చెప్పడం, నేను రాయడం. ఒక మాట రాస్తుంటే మరో మాట దాటిపోయేది.

"మెల్లగా చెప్పండి బాబూ! నాకున్నది ఒక్క చెయ్యే."

"నోరు మాత్రం రెండున్నట్టు వాడతావు. రాయి భయ్యా."

ఆ 'భయ్యా' ఒక్కటే నాకు మింగుడుపడేది కాదు. మా దీవుల్లో ఆటోవాడూ భయ్యాయే, ఐసుక్రీమువాడూ భయ్యాయే. నాకు ఆ జాబితాలోంచి బయటపడాలని ఉండేది.

ఒక ఆదివారం ఉండబట్టలేక అడిగేశాను. "నా పేరు కన్నారావు. అలా పిలవకూడదా?"

ఆమె పెన్సిలు కొరుకుతూ నన్ను అటూ ఇటూ చూసింది. "పిలిస్తే ఏటవుతాది?"

"ఏం కాదు. పేరు వాడకపోతే తుప్పు పడుతుంది, ఇక్కడి గాలికి."

"సరే... కన్నారావూ" అంది. అని, ఎందుకో కిటికీ వైపు తిరిగి వానని చూడ్డం మొదలుపెట్టింది. నేనూ వానే చూశాను. ఆ రోజు మరి పాట ముందుకు సాగలేదు.

ఆగస్టు వచ్చేసరికి నాలుగు పాటలు తయారయ్యాయి. పెళ్ళి వీడియోలు తీసే మల్లేశు షాపులో, గోడలకి దుప్పట్లు కట్టి, ఏడాదిపాటు కొంచెం కొంచెంగా రికార్డు చేసిన పాటలు. వైజాగ్‌లో లక్ష్ముడు అని ఒక కుర్రాడు ఉన్నాడు. సముద్రం ఒడ్డు ఊళ్ళలో ఇలాగే ఎవరి అండా లేకుండా పాడేవాళ్ళ పాటలన్నీ కలిపి ఒక మిక్స్‌టేప్ చేస్తున్నాడు. ఇరవయ్యో తారీకులోపు పాట చేరాలి. చేరితే గవ్వ గొంతు మొదటిసారి ఈ దీవులు దాటుతుంది. లేకపోతే మళ్ళీ ఎప్పుడో ఎవరికీ తెలీదు.

చేర్చడమే కష్టం. అప్పటికి మాకు సముద్రం అడుగునుంచి ఇంటర్నెట్ కేబుల్ రాలేదు. ఒక ఫోటో పంపాలంటేనే టీ తాగి రావాలి. పాట పంపాలంటే తొంభై శాతం దాకా వెళ్ళి, అక్కడ చచ్చిపోయేది. అందుకని మా దీవుల్లో అందరూ చేసే పనే మేమూ చేశాం. ఓడలో ఎవరు వెళ్తున్నారా అని చూశాం. పన్నెండో తారీకు వైజాగ్ ఓడలో మా మేనత్త అప్పలకొండమ్మ సొంతూరు వెళ్తోంది.

గవరమ్మ పెన్‌డ్రైవ్ నా చేతిలో పెట్టింది. "ఇదొక్కటే ఉంది. షాపు కంప్యూటర్లో కాపీ ఉండేది గాని పెళ్ళిళ్ళ సీజనని మల్లేశన్న సెరిపేసినాడు. జాగ్రత్త."

"నా ప్రాణంలా చూసుకుంటాను."

"నీ ప్రాణం సంగతి నాకు తెల్దు. నా పాటలు మాత్రం సూడు."

నేను ఎంత జాగ్రత్తపడ్డానో ఇప్పుడు చెప్పుకుంటే సిగ్గేస్తుంది. ఉప్పుగాలి తగలకూడదని ప్లాస్టిక్ కవరులో పెట్టాను. పోకుండా మా అమ్మనడిగి దేవుడి అలమరలోంచి పసుపు గుడ్డ తీసుకుని, మూట కట్టి, మూడు ముళ్ళు వేశాను. హార్బరులో అత్త చేతిలో పెట్టాను.

"ఇదేట్రా?" అంది అత్త.

గవరమ్మ రహస్యం బయట పెట్టకూడదు కదా. తెలివి ఉపయోగించాను. "అడక్కత్తా. ఒక మొక్కు అనుకో. అందాల్సినవాళ్ళకి అందాలి. మిగతాది నువ్వు దిగాక ఫోన్‌లో చెప్తాను."

అత్త నా కళ్ళలోకి చూసి, మూట కళ్ళకద్దుకుని, బొడ్లో దోపుకుంది. ఎంత బాధ్యత గల మనిషో అనుకున్నాను.

పదిహేనో తారీకు మధ్యాహ్నం ఫోన్ చేశాను.

"అత్తా, దిగిపోయావా?"

"దిగీసినాన్రా అయ్యా. ఒళ్ళంతా ఇంకా ఊగతన్నాది."

"నేనిచ్చిన మూట జాగ్రత్తగా ఉందా?"

"ఇంకా నా కాడే ఉంటాదేటి? అందించీసినాను."

"లక్ష్ముడు అప్పుడే ఓడ దగ్గరికి వచ్చేశాడా?"

"లక్ష్ముడెవులు? గంగమ్మకిరా! రెండో రోజు పొద్దుగాల, నడిసముద్రంలో. కర్పూరం ఎలిగించుదామంటే ఓడోళ్ళు ఒప్పనేదు. తానం సేసి, నీ పేరూ గోత్రం సెప్పి, దండం ఎట్టి ఒదిలీసినాను. ఎంత సక్కగా మునిగినాదో! అమ్మ అందుకున్నాదిరా కన్నా."

"అత్తా... అది మొక్కు కాదు."

"మొక్కని నువ్వే గదరా అన్నావు!"

అన్నాను. నా నోటితో నేనే అన్నాను. పసుపు గుడ్డ, మూడు ముళ్ళు, మొక్కు అనే మాట. మా బెస్త కుటుంబాల్లో ఏ ఆడమనిషైనా ఆ మూటని సముద్రానికి కాక ఇంకెవరికిస్తుంది?

అబద్ధం చెప్పొచ్చు. ఓడలో ఎవరో కొట్టేశారనొచ్చు. జంగ్లీఘాట్ దాకా నడిచినంతసేపూ ఆ అబద్ధాన్ని నోట్లో తిప్పుకున్నాను. ఎదురుగా గవరమ్మ కనపడేసరికి అది కరిగిపోయింది.

వాళ్ళమ్మ తవిటమ్మ కత్తిపీట ముందు కూర్చుని చేతికత్తితో పెద్ద సూరచేపని తరుగుతోంది.

"ఒక చిన్న మాట. బయటికి వస్తావా?" అన్నాను గవరమ్మతో.

"ఏ మాటైనా ఇక్కడే సెప్పు బాబూ" అంది తవిటమ్మ తలెత్తకుండా. "సేపలికి సెవులుండవు."

"పార్సిలు... మా అత్త... మొక్కనుకుని... సముద్రంలో వేసేసింది."

గవరమ్మ ముఖంలోంచి నవ్వు జారిపోయింది. "నాలుగూనా?" అంది.

"నాలుగూ."

ఐసు పెట్టె మీద కూర్చుండిపోయింది. నేను తిట్లకి సిద్ధపడి వచ్చాను. అవి రాలేదు.

"తిట్టు గవరమ్మా."

"మాటలు రాటంలేదు కన్నారావూ" అంది చిన్నగా. ఆ మాట నాకు ఎక్కడో లోపల గుచ్చుకుంది. ఆవిడకి మాటలు రాకపోవడమా? దానికి కారణం నేనా? నాకు ఏడుపొచ్చింది.

కత్తి ఆగింది. "ఏటి నాలుగు?" అంది తవిటమ్మ. "గవరా! ఏటమ్మా నాలుగు?"

ఆ కత్తి నా వైపు తిరిగింది. నేను ఇంక ఆగలేదు. "పాటలండీ! మీ అమ్మాయి పాటలు కడుతుంది. మామూలు పాటలు కాదు. మీ బుట్ట గురించి కట్టింది, మీ మావగారి ఓడ గురించి కట్టింది. ఒక్కసారి వింటే రెండు రోజులు నిద్ర పట్టదు. మూడేళ్ళుగా ఎవరి సాయమూ లేకుండా ఒక్కతే కష్టపడుతోంది. ఈ దీవుల్లో మాటని అలా ఆడించేవాళ్ళు ఇంకొకళ్ళు లేరండీ. అటువంటి పాటల్ని నేను ముంచేశాను. నరికేస్తే నన్ను నరకండి."

"నోర్ముయ్యి!" అంది గవరమ్మ. కానీ అప్పటికి చెప్పాల్సిందంతా చెప్పేశాను. పక్క కొట్లవాళ్ళు కూడా బేరాలాపి చూస్తున్నారు.

తవిటమ్మ నన్ను ఎగాదిగా చూసింది. "మీ అత్త తానం సేసే ఇచ్చినాదా?"

"చేసిందట."

"దండం ఎట్టినాదా?"

"పేరూ గోత్రం చెప్పి మరీ."

తవిటమ్మ చేతులు కడుక్కుని కూతురి ఎదురుగా వచ్చి నిలబడింది. "కొత్త వల దింపితే తొలి సేప ఎవులికి ఇస్తాం గవరా?"

"గంగమ్మకి."

"ఇచ్చినాక ఏడుస్తామేటి?"

"నేదు."

"మరేటి సేస్తాం?"

"ఇంకో సేప పడతాం."

"మరి కూకున్నావేటే? లెగు. పట్టు." అని కత్తిపీట దగ్గరికి వెళ్తూ వెనక్కి తిరిగింది. "ఇన్నాళ్ళూ నా కాడ దాసినందుకు నీకు ఏరే ఉంది, ఇంటికాడ."

గవరమ్మ లేచి కళ్ళు తుడుచుకుంది. నా వైపు చూసింది. "కొత్త పాట కడతాను. నాలుగు రోజులు నాకు కనపడకు."

సరే అన్నాను. కానీ పాట కడితే చాలదు, పంపాలి కదా. ఓడ మళ్ళీ నెలకి గానీ లేదు. నెట్ సంగతి తెలిసిందే. ఆలోచించి ఆలోచించి లక్ష్ముడికి ఫోన్ చేశాను. జరిగిందంతా చెప్తుంటే వాడు పడీ పడీ నవ్వుతున్నాడు. ఆ నవ్వు స్పష్టంగా వినపడింది. అప్పుడు తట్టింది నాకు. నెట్ రాకపోతేనేం, ఫోన్ కలుస్తోంది కదా!

"ఫోన్‌లో పాడితే నువ్వు అక్కడ రికార్డు చేసుకుంటావా?" అని అడిగాను.

"గొంతు గరగరలాడుతుంది బ్రో. అయినా పాటలో పస ఉంటే డబ్బాలోంచి వచ్చినా తీసుకుంటాను. పంతొమ్మిది సాయంత్రం నాలుగింటికి చెయ్యమను. చుట్టూ చప్పుడు మాత్రం ఉండకూడదు."

ఈ కబురు చెప్పడానికి బజారుకి పరిగెత్తి, గవరమ్మ కొట్టు ముందు వెనక్కి తిరిగి నిలబడ్డాను.

"ఏటిది?" అంది వెనకనుంచి.

"కనపడొద్దన్నావు కదా. ముఖం చూపించకుండా చెప్తున్నాను." అంతా చెప్పాను.

వెనకనుంచి ఫక్కున నవ్వు. "వీపు కూడా సూపించకు, పో!" అంది. ఆ నవ్వు వినడానికి మళ్ళీ నాలుగు రోజులు ఆగమన్నా ఆగేవాణ్ణి.

చప్పుడు లేని చోటు దొరకడం మాత్రం గగనమైంది. డాలీగంజ్‌లో వాళ్ళిల్లు రేకులది, వాన పడితే యుద్ధమే. షెడ్డు పక్కన మిల్లు. చివరికి తవిటమ్మే చెప్పిందట, "మీ నాన్న డోంగీ పడవ ఉంది గదా. కొంచెం లోనికెళ్ళి ఇంజిను కట్టెయ్యండి. గాలి తప్ప ఏటీ ఉండదు" అని.

అలా పంతొమ్మిదో తారీకు నలుగురం పడవెక్కాం. వెనక చుక్కాని దగ్గర గవరమ్మ నాన్న యర్రయ్య, రోజంతా కలిపి పది మాటలు కూడా మాట్లాడని మనిషి. ముందు గవరమ్మ. ఫోన్ తడవకుండా గొడుగు పట్టడానికి నేను. పెళ్ళికాని పిల్లని నాతో పడవలో పంపదు కాబట్టి మా ఇద్దరి మధ్యా తవిటమ్మ.

ఇంతవరకూ నేను ఎవరికీ చెప్పని సంగతి ఒకటుంది. రోజూ వందలమందికి బోటు టికెట్లిచ్చే నాకు బోటు పడదు. చాతం ఫెర్రీ ఐదు నిమిషాలు ఓర్చుకుంటాను. డోంగీ ఇంజిను ఆపేసరికి అది ఊయలలా ఊగడం మొదలైంది. నా కడుపు దానితోపాటే ఊగింది. ఒక చేత్తో గొడుగు, రెండో చేత్తో నోరు గట్టిగా మూసుకున్నాను.

ఫోన్ కలిసింది. "రికార్డింగ్ ఆన్ గవ్వా. ఒక్కటే టేక్" అన్నాడు లక్ష్ముడు.

బీట్ లేదు. బీట్లన్నీ మూటతోనే మునిగాయి. గవరమ్మ ఒక్క క్షణం తడబడింది. అప్పుడు వెనకనుంచి టక్. టక్‌టక్. యర్రయ్య తెడ్డుతో పడవ అంచు మీద కొడుతున్నాడు. చేపల్ని బెదరగొట్టి వలలోకి తోలడానికి మావాళ్ళు కొట్టే దెబ్బ అది. కూతురి వైపు చూడటం లేదు, నీళ్ళ వైపే చూస్తున్నాడు. టక్. టక్‌టక్. గవరమ్మ వెన్ను నిటారైంది.

"ఏడాది నా ఊపిరంతా ఏలెడంత డబ్బీలోన
ఎట్టి ఇచ్చినాను నమ్మి ఎర్రిబాబు సేతిలోన
మూడు ముళ్ళు ఏసినాడు ముహూర్తమేటి సూడకుండా
ముంచీసినాడు పాటలన్ని ముక్క ఎవులూ ఇనకుండా!"

నా గురించే! మొత్తం పాటంతా నన్ను తిట్టడానికే కట్టింది. మూడు ముళ్ళు అనగానే తవిటమ్మ నా వైపు ఒక చూపు చూసింది. నేను ఆకాశం వైపు చూశాను.

"నడిసముద్రం అడుగు కాడ నా స్పీకరు మోగతన్నాది
సొరసేప తోక ఊపి సోలో డాన్సు ఆడతన్నాది
పీతలన్ని లైను కట్టి ప్లేసు కోసం తోస్తన్నాయి
రొయ్యలన్ని మీసం దువ్వి వన్స్ మోరని కూస్తన్నాయి!"

ఇంతలో ఒక అల వచ్చింది. నేను నోరు నొక్కుకుని వంగాను. ఆమె అది చూసింది. చూసి, తాళం చెదరకుండా, అప్పటికప్పుడు అందుకుంది.

"కౌంటరు కాడ కన్నారావు కాలరెత్తి కూకుంటాడు
కడలి మీద కాలెడితే కడుపు పట్టి ఒంగుతాడు
ఊరందర్నీ బోటెక్కించి ఒడ్డు మీద నవ్వుతాడు
ఊగే సెక్క మీద సూడు, ఉప్పుసేపై పోతన్నాడు!"

రాసుకున్నది కాదు ఇది, నేను చచ్చేంత అవస్థలో ఉండగా గాల్లోంచి అందుకున్నది. ఇంత గొప్పగా తిట్టించుకునే భాగ్యం ఎంతమందికి ఉంటుంది? కడుపులో తిప్పుతున్నా గుండె పొంగింది నాకు.

తెడ్డు దెబ్బ నెమ్మదించింది. ఆమె గొంతు కూడా.

"తిట్టుదామని ఎత్తుకుంటే తిట్టు నోట్లో ఆగినాది
తప్పు సేసి దాగకుండా తానే ఒచ్చి సెప్పినాడు
అమ్మ సేతి కత్తి ముందు అడుగు ఎనక్కెయ్యకుండా
నాకు నేనే సెప్పుకోని నా గొప్పంతా సెప్పినాడు

పాట పోతే కట్టుకున్నా, మాట పోతే పట్టుకున్నా
ఎవులడిగినా ఇవ్వని సోటు ఇయ్యాల నే ఇస్తన్నాను
నా మాట ముందు నిలబడేటి దమ్ము నీకు ఉందా సెప్పు
ఉంటావా నా పక్క నువ్వు? ఉంటావా... కన్నారావూ?"

ఆఖరి మాటకి ప్రాస లేదు. తాళం కూడా తప్పింది. ఆమె నా వైపే చూస్తోంది. తెడ్డు ఆగిపోయింది. వాన గొడుగు మీద సన్నగా పడుతోంది.

చెప్పాలనుకున్నవి నా దగ్గర చాలా ఉన్నాయి. జూన్ నుంచీ దాచుకున్నవి. కానీ చెయ్యి తీస్తే మాటలకి బదులు పొద్దుటి ఇడ్లీలు వస్తాయి. అందుకని మూసిన నోటితోనే, కళ్ళనిండా నీళ్ళతో, నా శక్తి కొద్దీ అన్నాను.

"ఊఁ."

ఫోన్‌లోంచి లక్ష్ముడు, "గవ్వా... ఆ ఊఁ ఎవరు?" అన్నాడు.

గవరమ్మ తల దించుకుంది. తవిటమ్మే ఫోన్ దగ్గరికి వంగి, "గొడుగు బాబుది" అని చెప్పింది. నా వైపు తిరిగింది. "నడినీళ్ళ మీద ఊఁ అన్నావు బాబూ. ఎనక్కి తీసుకునేది కాదది. ఆదోరం మీ అమ్మని తీసుకుని ఇంటికి రా."

నేను మళ్ళీ తలూపి, గొడుగు ఆవిడ చేతిలో పెట్టి, పడవ అంచు మీద వాలిపోయాను. గంగమ్మకి నా వంతు కూడా అందింది. యర్రయ్య నా వీపు మీద మెల్లగా నిమిరాడు. "అలవాటైపోతాదిలే అల్లుడా" అన్నాడు. ఆ రోజుకి ఆయన మాట్లాడింది అదొక్కటే.

సెప్టెంబరులో మిక్స్‌టేప్ వచ్చింది. పదకొండు పాటలు, మాది తొమ్మిదోది. గరగరలాడే ఫోన్ గొంతు, తెడ్డు దెబ్బ, వాన. డౌన్‌లోడ్ కావడానికి మాకు ఒక పూట పట్టింది. కానీ ఒక్క ఫోన్లోకి దిగాక దాన్ని ఎవరూ ఆపలేకపోయారు. బ్లూటూత్‌లో ఒకరినుంచి ఒకరికి పాకిపోయింది. డాలీగంజ్ బస్సులో అదే, జంగ్లీఘాట్ బజార్లో అదే. తవిటమ్మ కొట్టు ముందు మాస్కు లేకుండా నిలబడి గవరమ్మ పాడుతుంటే, చేపలు కొనడానికి వచ్చినవాళ్ళు చేపలు మర్చిపోయేవాళ్ళు. ఇక నా కౌంటరు దగ్గరైతే, "డిగ్లీపూర్‌కి బోటు ఉందా భయ్యా?" అని ఎవరైనా అడిగితే, నేను జవాబు చెప్పేలోపే లైనంతా కలిసి "ఊఁ" అనేది.

డిసెంబరులో ముంబైలోని ఒక పాటల కంపెనీనుంచి ఫోన్ వచ్చింది. మా పెళ్ళికి ఇంకా రెండు నెలలుంది. డాలీగంజ్‌లో వాళ్ళ అరుగు మీద కూర్చుని ఇద్దరం రొయ్యలు ఒలుస్తున్నాం. గవరమ్మ మోచేత్తో స్పీకరు ఆన్ చేసింది. అవతలి మనిషి హిందీలో చాలా మర్యాదగా మాట్లాడాడు. పాట అద్భుతంగా ఉందన్నాడు. పెద్ద స్టూడియోలో మళ్ళీ శుభ్రంగా పాడితే దేశమంతా వింటుందన్నాడు. ఇన్నేళ్ళ కష్టం, ఇంత పెద్ద తలుపు.

"ఒక్క చిన్న మార్పు మేడమ్" అన్నాడతను. "చివర్లో ఎవరో మూలుగుతున్నారు. అది తీసేద్దాం."

నేను గబగబా, తీసెయ్యమను, పర్లేదు, అని సైగ చేశాను. నా ఊఁ ఎంత, ఆమె భవిష్యత్తు ఎంత!

గవరమ్మ నా సైగ చూసింది. చేతిలో రొయ్య పక్కన పెట్టింది.

"వద్దు సార్" అంది హిందీలో. "నాలుగు పాటలు పోతే మళ్ళీ కట్టుకున్నాను. మీరు రాకపోయినా కట్టుకుంటూనే ఉంటాను. ఆ ఊఁ పోతే మాత్రం నాకు మళ్ళీ దొరకదు."

ఫోన్ పెట్టేసింది. నేను ఒలవడం ఆపి ఆమె వైపే చూశాను.

"ఏటలా సూస్తావు?" అంది. "రొయ్యలు ఒలు."